లావు కప్ప

"ఈ ముసలి మంత్రగత్తె నేనే కదూ?" కాగితాల మీంచి తలెత్తకుండానే అడిగింది అమ్మ.

కూతురు రచయిత్రి. తను పిల్లలకు రాసే బుల్లి మంత్రగత్తె కథ ఏదైనా సరే, అచ్చుకు వెళ్ళేముందు అమ్మ చదవాల్సిందే.

"నువ్వెందుకవుతావమ్మా? ఆవిడకు ముక్కు మీద పులిపిరి."

"నాకు గడ్డం మీదుంది. కాస్త పైకి జరిపితే పోల్చుకోలేననుకున్నావా? 'నా చీపురు ముట్టుకుంటే కాళ్ళు విరగ్గొడతా' అన్నది నా స్కూటర్ గురించి నేనన్న మాటేగా. బుల్లిది నన్ను కప్పను చేసి చీపురెక్కి పోయింది. పోనీలే. మరీ లావు కప్పనా?"

"కథ కదమ్మా. ఆ ముసలిది చచ్చినా చీపురివ్వదు మరి."

"బుల్లిది అడిగిందా? దొంగచాటుగా తియ్యడమే గానీ, ఇవ్వమని ఒక్కసారైనా నోరు తెరిచి అడిగిందా? నేను కాళ్ళు విరగ్గొడతానన్నది కూడా నువ్వు తాళాలు కొట్టేసిన రోజునే."

రచయిత్రికి తల నెరిసిపోతోంది గానీ, అడిగిన రోజంటూ ఒక్కటీ గుర్తుకు రాలేదు.

"అమ్మా, స్కూటరిస్తావా?" అంది చివరికి.

అమ్మ తాళాలు తీసి కథ మీద పెట్టింది. పైన అరచెయ్యి వేసింది.

"ముందు ఆ కప్పను మనిషిని చెయ్యి."