నిద్రపోయిన కాపలావాడు

"ఆ కాపలావాడా? గురక పెట్టి నిద్రపోతున్నాడు. గొంతు కోస్తుంటే కల అనుకున్నాడు పాపం!" థ్రాసోన్ పొట్ట పట్టుకుని నవ్వాడు.

బల్లకు అవతల కూర్చున్న అతిథి కూడా నవ్వాడు. వడ్డిస్తున్న మస్సానాకు ఒళ్ళు మండిపోయింది. ఆ కాపలావాడు ఆమె మొగుడు. ట్రాయ్ తగలబడిన మర్నాడే ఆమెను ఓడెక్కించి ఈ ఇంటికి బానిసగా తెచ్చింది ఈ థ్రాసోనే.

"ఇంతకీ తమరి పేరు..." అనబోయి థ్రాసోన్ నాలుక్కరుచుకున్నాడు. "తప్పు తప్పు! భోంచేయకుండా అతిథిని పేరడగకూడదు. ముందు తినండి. మా ఇంట్లో ఒక్క ముద్ద తిన్నారంటే ఇక మీరు మా మీద, మేము మీ మీద చెయ్యెత్తలేం. దేవుళ్ళు ఊరుకోరు."

"అలాగే. తమరు కథ కానివ్వండి. ఆ కొయ్యగుర్రం కడుపులో తమరూ ఉన్నారా?"

"నేను లేకుండానా!"

థ్రాసోన్ కప్పు మీద కప్పు తాగుతూ చెప్పుకుపోయాడు. మస్సానా పొట్టేలు మాంసం తెచ్చి పెట్టింది. అతిథి ఒక్కో ముక్కా బల్ల కింద కుక్కకు జారవిడిచాడు. ద్రాక్షసారాను దేవుళ్ళకంటూ నేల మీద వంపేశాడు. బానిసలకు చాలీచాలని జావ, కుక్కలకు మాంసం! పళ్ళెం తీసి వాడి నెత్తిన బోర్లించాలనిపించింది ఆమెకు.

"ఒక్కడైనా మేలుకుని లేడా?" అతిథి మళ్ళీ అడిగాడు.

"ఒక్కడంటే ఒక్కడు లేడు! తాగి పడున్నారు వెధవలు."

"అబద్ధం!" మస్సానా చేతిలోని కూజా నేలకేసి కొట్టింది. "నా మొగుడు మేలుకునే ఉన్నాడు. ఒంటరిగా ద్వారానికి అడ్డం నిలబడ్డాడు. నువ్వు ఎదురుగా వచ్చావట్రా? వెనకనుంచి పొడిచావు! మిద్దె మీంచి నేను చూశాను!"

థ్రాసోన్ లేచి ఆమె చెంప ఛెళ్ళుమనిపించాడు. "నోర్ముయ్! పొద్దున్నే నీ నాలుక కోయిస్తాను."

"అతని పేరేమిటి?" అతిథి ఆమెనడిగాడు.

"పియామ! నవ్వొస్తోందా? నవ్వు, నువ్వూ నవ్వు!"

అతను నవ్వలేదు. ఖాళీ పళ్ళేన్ని పక్కకు జరిపాడు.

అది చూసి థ్రాసోన్ తృప్తిగా మొలలోని కత్తి తీసి గోడకు తగిలించాడు. "భోజనం అయింది. ఇక మనం చుట్టాలం. ఇప్పుడు చెప్పండి, తమరి పేరు?"

అతిథి లేచాడు. మస్సానా వైపు తిరిగి, ఆమె ఏళ్ళ తరబడి వినని ట్రాయ్ భాషలో, "తలుపు గడియ వెయ్యక్కా," అన్నాడు. ఆ తర్వాత థ్రాసోన్ వైపు తిరిగాడు.

"నేనింకా తినలేదు."