లేని మేకల తగువు

“మా పిల్ల వాళ్ళ పిల్లని మేకలు అడుక్కుంటదా?”

నాగేశ్వరరావు గుమ్మంలోంచే అరిచాడు. పదో తరగతి గదిలో చప్పుడు ఆగిపోయింది. బోర్డు మీద పరీక్ష ప్రశ్నలు రాస్తున్న ఫాయిజా టీచర్ సుద్దముక్కతో అలాగే నిలబడిపోయింది.

“ఏ మేకలండీ?”

“శుక్రవారం మీరు ఇంటికిచ్చిన లెక్కలో మేకలు! మా అమూల్య చదివి వినిపించింది.”

అప్పటికి గానీ ఫాయిజాకు వెలగలేదు. రెండు తెలియని రాశుల పాఠం మూడు వారాలుగా చెబుతోంది. ఒక్కరి బుర్రకీ ఎక్కడం లేదు. సరే, పిల్లలకు సరదాగా ఉంటుందని ముందు బెంచీల్లోని ఇద్దరమ్మాయిల పేర్లు పెట్టి తనే ఒక లెక్క అల్లింది. ‘అమూల్య హిమజతో, నీ మేకల్లో పది నాకిస్తే నా మేకలు నీవాటికి రెట్టింపవుతాయి అంది. హిమజ, నువ్వే నాకు పదిస్తే ఇద్దరికీ సమానమవుతాయి అంది. ఎవరి దగ్గర ఎన్ని ఉన్నాయి?’ ఇలాంటిదే సోమవారం పరీక్షలో ఇస్తానని కూడా చెప్పింది.

హిమజ అంకారావు కూతురు. అంకారావుకీ నాగేశ్వరరావుకీ మధ్య పచ్చగడ్డి వేస్తే భగ్గుమంటుంది. కిటికీవైపు బెంచీలన్నీ ఒక పార్టీ పిల్లలవి, గుమ్మంవైపువన్నీ ఇంకో పార్టీవి. నరసరావుపేట నుంచి వచ్చి రెండు నెలలు కూడా నిండని ఫాయిజాకు ఈ సంగతి ఎవరూ చెప్పలేదు.

“ఆ లెక్క కొట్టెయ్యండి. పరీక్ష ఆపండి. లేదా మావైపు పిల్లలందర్నీ రేపే మాచర్ల బస్సెక్కిస్తా. ప్రైవేటు స్కూళ్ళు గొడ్డుపోలేదు.”

ఫాయిజా సుద్దముక్క కింద పెట్టేసింది. బడి మొత్తానికి ఉన్నదే అరవైమంది. సగం పోతే ఈ బడిని తీసుకెళ్ళి పక్కూరి బడిలో కలిపేస్తారు. తన మొదటి ఉద్యోగం ఇలా లేని మేకల పాలవుతుందని ఆమె కలలో కూడా అనుకోలేదు.

ఇంతలో బయట బుల్లెట్ బండి ఆగింది. అంకారావు దిగాడు.

“ఏంది టీచరమ్మా, వాళ్ళకి డెబ్బై, మాకు యాభయ్యా? మా దొడ్డికి ఎప్పుడన్నా వచ్చి చూశారా మీరు? ఇంతమంది పిల్లలు మా మేకలు తక్కువని పరీక్ష కాయితం మీద రాస్తారా?”

“డెబ్బయ్యుంటే మావాళ్ళు ఇంకో పది అడుక్కోవటం దేనికో ఆయన్ని చెప్పమనండి టీచరమ్మా,” అన్నాడు నాగేశ్వరరావు గోడకేసి చూస్తూ.

“అడుక్కోవటం వాళ్ళకి అలవాటేనని చెప్పండి టీచరమ్మా,” అన్నాడు అంకారావు కిటికీకేసి చూస్తూ.

ఆలు లేదు, చూలు లేదు, కొడుకు పేరు సోమలింగం. ఫాయిజాకు నవ్వూ ఏడుపూ కలిసి వచ్చాయి.

“పోనీ ఇద్దరికీ చెరి అరవై వేస్తానండీ.”

“సమానమా!” ఇద్దరూ ఒకే గొంతుతో అరిచారు.

“అయితే పదీ పదీ ఇచ్చుకోవడం తీసేస్తాను. ఎవరూ ఎవర్నీ అడగరు.”

“అది మాట! మావాళ్ళు అడగరు,” అన్నాడు నాగేశ్వరరావు.

“అడిగినా మావాళ్ళు ఇయ్యరు,” అన్నాడు అంకారావు.

ఫాయిజా నీరసంగా నవ్వింది. “అడగకపోతే, ఇవ్వకపోతే ఇక లెక్కే ఉండదండీ.”

“వద్దులెండి. రెండూ తెలియని రాశులేనంట! తెలిసినయ్యే చానా ఉన్నయ్, తెలియనియ్యి మనకెందుకు?” అన్నాడు అంకారావు. నాగేశ్వరరావు కాదనలేదు. ఊళ్ళో ఆ ఇద్దరూ ఒక మాట మీదికి రావడం అదే మొదలు. ఆమె పరీక్ష రద్దు చేస్తున్నానని చెప్పాక ఒకరు ఈ వీధినా ఒకరు ఆ వీధినా వెళ్ళిపోయారు.

ఫాయిజా బోర్డు తుడిచి కుర్చీలో కూలబడింది. బడి అయితే నిలిచింది. ఈ పాఠం ఒక్కరికైనా వచ్చిందో లేదో తెలుసుకోవాలని మూడు వారాలుగా ఎదురుచూసింది, ఆ ముచ్చట మాత్రం తీరలేదు. చాలా బాధేసింది. అంతలో అంకారావు మాట గుర్తొచ్చి చటుక్కున లేచింది. ఆ లెక్క పుస్తకంలోది కాదు. జవాబు తను ఎవరికీ చెప్పలేదు.

“హిమజా, యాభై, డెబ్బై అని మీ నాన్నకి ఎవరు చెప్పారు?”

హిమజ తలెత్తి గుమ్మంవైపు బెంచీలో ఉన్న అమూల్యను చూసింది. 

“నేనే టీచర్. అమూల్యా నేనూ కలిసి చేశాం. నాన్నలు ఎవరి అరుగు మీద వాళ్ళు కబుర్లు చెప్పుకునేటప్పుడు, వాళ్ళ ఫోన్లలోనే మాట్లాడుకున్నాం.”

ఫాయిజా కళ్ళు మెరిశాయి. “అంత కష్టపడి చేసినవాళ్ళు, పోయి నాన్నలకెందుకు చెప్పారే?”

“పరీక్ష ఆపించాలని టీచర్,” అంది అమూల్య నేలచూపులు చూస్తూ. “మాకప్పటికి ఈ పాఠం ముక్క రాదు. కానీ మా నాన్న ఒక్కడే వద్దంటే, వాళ్ళ నాన్న కావాలంటాడు. ఇద్దరికీ కోపం రావాలి. అడుక్కుంటున్నట్టు ఉందిగా, మా నాన్నకి ప్రశ్న వినగానే వచ్చేసింది.”

“మా నాన్న మాత్రం విని నవ్వాడు టీచర్,” అంది హిమజ. “మాకే తక్కువని చూపిస్తే గానీ కదిలేట్టు లేడు. ఇంకేం చేస్తాం, పరీక్ష తప్పించుకోటానికి పాఠమంతా నేర్చుకోవాల్సొచ్చింది.”