జనరేటర్ చప్పుడు

"కట్!" అని అరిచాడు దర్శకుడు దుబెం.

ఏడుపు సీను మళ్లీ ఆగిపోయింది. పక్కింటి జనరేటర్ డబడబలాడుతూనే ఉంది. అసాబా ఊళ్లో సినిమా తీయాలంటే ముందు ఇరుగుపొరుగు కాళ్లు పట్టుకోవాలి మరి. అద్దెకు తీసుకున్న ఈ ఇల్లు రేపటివరకే యూనిట్ చేతిలో ఉంటుంది.

ఒగేచికి మాత్రం పండగే. సినిమా ఎలా తీస్తారో రోజూ టీవీలో చూపించే 'తెర వెనక' కార్యక్రమం ఆమెది. కెమెరామన్‌ని వెంటబెట్టుకుని పక్కింటి గేటు కొట్టింది.

బనీనుతో ఒక పెద్దాయన బయటికొచ్చాడు.

"ఒక్క గంట ఆపండి పెద్దాయనా."

"నా వల్ల కాదు తల్లీ. కరెంటు లేదు కదా. లోపల మా ఆవిడ..."

"ఏం, అమ్మగారికి సీరియల్ టైమా?"

కెమెరామన్ కిసుక్కున నవ్వాడు. పెద్దాయన ఏదో చెప్పబోయి, కెమెరా వంక చూసి, తలుపేసుకున్నాడు.

"చూశారుగా! మన సినిమాకి అసలు విలన్ ఈయనే!" అంది ఒగేచి కెమెరాతో.

ఆ సాయంత్రమే అది టీవీలో వచ్చింది. ఊరంతా పడీపడీ నవ్వింది.

తెల్లారేసరికి చప్పుడు లేదు.

"టీవీ దెబ్బంటే అదీ!" అని యూనిట్ అంతా చప్పట్లు కొట్టింది.

సీనుకి కుర్చీలు చాల్లేదు. ఒగేచి ఏ మొహమాటం లేకుండా మళ్లీ ఆ గేటే కొట్టింది. వాకిట్లో ప్లాస్టిక్ కుర్చీలు దొంతరగా ఉన్నాయి, అప్పుడే ఎవరో తెచ్చి దించినట్టు.

"తీసుకెళ్లండి. సాయంత్రానికి మాత్రం ఇచ్చేయండి, నాకు కావాలి" అన్నాడు పెద్దాయన.

"జనరేటర్ ఆపేశారే! మాకు భయపడ్డారా?"

"ఇంక దాంతో పని లేదు తల్లీ."

ఏడుపు సీను ఒక్క టేకులో అయిపోయింది.

సాయంత్రం ఒగేచి కుర్చీలు మోయించుకుని వెళ్లింది. సరిగ్గా అప్పుడే వీధిలో కరెంటొచ్చింది. పిల్లలు కేరింతలు కొట్టారు. ఎదురింటి టీవీలో నిన్నటి భాగం మళ్లీ వేస్తున్నారు. "అసలు విలన్ ఈయనే!" అని ఆమె గొంతు వీధంతా వినపడుతోంది.

వాకిట్లో నల్లబట్టలు కట్టుకున్న ఆడవాళ్లు నిలబడి ఉన్నారు. పెద్దాయన కుర్చీలు అందుకుని ఒక్కొక్కటే వాళ్లకి వేశాడు.

ఒగేచికి పరుగెత్తి ఆ టీవీ కట్టేయాలనిపించింది. ఎన్ని ఇళ్లలో కట్టేస్తుంది?

"ఏమైందండీ?" అంది పక్కనున్న ఒకావిడతో.

"తెల్లవారుజామున ఆయన భార్య పోయిందమ్మా. ఇన్నాళ్లూ ఆవిడకి ఊపిరాడించే మిషన్ నడిచింది ఆ జనరేటర్ మీదే."