పన్నెండో బంతి

"ఛీ, ఇదీ ఒక ఆటేనా!" అన్నాను. టీవీ పెట్టెలో గంటసేపు వెతికితే దొరికిన బౌలింగ్ ఆట అది. రిమోట్ మీద బటన్ నొక్కితే చాలు, బంతి దానంతటదే దొర్లి, అటు చివర నిలబెట్టిన సీసాల్లాంటి పది పిన్నులనూ పడగొడుతోంది. పైగా మాటిమాటికీ కట్టుడుపళ్ల జిగురు ప్రకటన.

"నీ మోకాళ్లకి ఇక ఇదే గతి. నోర్మూసుకుని ఆడు, ఆర్విల్," అంది నా భార్య వెర్నా, స్వెటర్ అల్లుకుంటూ.

"బంతికి బరువు లేదు, చప్పుడు లేదు. కుళ్లు ఆట! కోతి కూడా గెలుస్తుంది."

"గెలుస్తూనే ఉందిగా!"

వరుసగా పదకొండు బంతులూ అన్ని పిన్నులనూ కూల్చాయి. ఆఖరిదైన పన్నెండోదీ కూల్చితే మూడు వందలు, ఈ ఆటలో అంతకు మించిన స్కోరు లేదు. మిల్వాకీ బౌలింగ్ హాల్లో నలభై ఏళ్లు ఆడినా నాకు దక్కనిది.

మళ్లీ ఆ జిగురు ప్రకటనే వచ్చింది.

"చూశావా దరిద్రం?" అన్నాను.

తిరిగి చూస్తే వెర్నా అల్లిక పక్కన పెట్టి, లేచి నిలబడి ఉంది. ఎవరైనా పదకొండూ కూల్చి ఆఖరి బంతి పట్టుకుంటే హాలంతా అలాగే లేచేది, ఒక్కరూ నోరు మెదిపేవారు కాదు. నా కోసం ఎప్పుడూ ఎవరూ లేవలేదు.

ప్రకటన అయిపోయింది. చెమట పట్టిన అరచేతిని ప్యాంటుకు తుడుచుకుని నేనూ లేచాను.