అరువు నవ్వు

"మీరు జనాన్ని మోసం చేశారు సార్," అంది పరిశోధకురాలు, ఇంకా కుర్చీలో కూచోకముందే.

ఎదురుగా ఉన్న పెద్దాయన ఒకప్పుడు టీవీ స్టూడియోలో సౌండ్ ఇంజనీరు. కామెడీ సీరియళ్లకి వెనకనుంచి వినిపించే నవ్వులు అతికించడం ఆయన పని. స్టూడియోలో అందరూ ఆయన్ని 'నవ్వుల పెట్టె' అనేవాళ్లు. ఆ పేరు వింటేనే ఆయనకి ఒళ్లు మండేది.

ఆ అమ్మాయి యూనివర్సిటీలో తెర మీది హాస్యం గురించి పరిశోధన చేస్తోంది. ఇంతకుముందే ఫోన్లో ఇద్దరికీ మాటామాటా పెరిగింది. ఇంటికి రావద్దని ఆయన తెగేసి చెప్పాడు. అయినా వచ్చి కూచుంది.

"ఏం మోసం చేశాను?" అన్నాడు.

ఆమె చెప్పుకుపోయింది. ఆయన పనిచేసిన పేరుమోసిన కామెడీ సీరియల్ మొదట్లో, ప్రేక్షకుల ఎదుట తీశామని రోజూ తెర మీద అక్షరాలు వేసేవారు. తీరా భాగాలన్నీ వరసపెట్టి వింటే, గుంపు నవ్వులో ఒకే ఆడగొంతు. మామగారు నిచ్చెన మీంచి పడ్డా అదే నవ్వు. అల్లుడి ప్యాంటు చిరిగినా అదే నవ్వు. ముందు ఊపిరి అందనట్టు ఒక ఎగశ్వాస, తర్వాత తెరలు తెరలుగా, చివర గొంతులో ఒక జీర.

"వచ్చినవాళ్లే మళ్లీ మళ్లీ వచ్చేవాళ్లు. అంత బాగుండేది మా సీరియల్."

"వచ్చి, ప్రతిసారీ ఒకే చోట ఊపిరి తీసుకునేవాళ్లా?"

ఆమె ల్యాప్‌టాప్ తెరిచి ఆ నవ్వు వినిపించింది. వంటింట్లో గిన్నె ఒకటి సింకులో దభీమని పడింది. వెంటనే వంటింటి తలుపు మూసుకుంది.

ఆపమన్నాడాయన. ఇంట్లో ఆవిడకి తలనొప్పి అన్నాడు. ఆమె ఆపలేదు సరికదా, శబ్దం ఇంకాస్త పెంచింది. ఆయన లేచి వచ్చి ల్యాప్‌టాప్ మూతని తనే టప్పున మూసేశాడు.

"హాస్యం మీద పరిశోధన చేసే మొహమేనా ఇది?" అన్నాడు. "కూచున్నప్పట్నుంచీ ఒక్కసారి పెదవి కదిలిందా? పోస్టుమార్టం చేసేవాళ్లకి కూడా ఇంత చిరాకు ఉండదు."

ఆమె మొహం ఎర్రబడింది. కానీ కదల్లేదు.

తన చిన్నతనంలో ఇంట్లో ఎవరూ నవ్వేవాళ్లు కాదని చెప్పింది. నాన్న వచ్చేసరికి గోడలు కూడా నోరు మూసుకునేవట. సాయంత్రం ఆ సీరియల్ వచ్చే అరగంటే ఊపిరి. జోకు అర్థం కాకపోయినా టీవీలో ఆ గొంతు నవ్విందంటే, తనూ దిండులో మొహం పెట్టి నవ్వేది.

"ఆ గొంతు విని నవ్వడం నేర్చుకున్నాను సార్. ఆవిడెవరో చెప్పకపోతే, మీ పేరు పెట్టి మరీ రాస్తాను. దొంగ నవ్వుల వ్యాపారి అని."

ఎందుకో, ఆయన కాస్త గర్వంగానే అన్నాడు. "మా ఆవిడే."

మొదట్లో నిజంగానే ప్రేక్షకుల్ని పిలిచారట. ఒక్కడూ నవ్వలేదు. కొందరు నిద్రపోయారు. నవ్వులు తెస్తావా, ఇంటికి పోతావా అన్నాడు నిర్మాత. ఇంట్లో ఆయనకి చిన్న గది ఉండేది, రికార్డింగుకి. గోడలకి పరుపులు కొట్టి ఉండేవి. లోపల ఏం జరిగినా చీమంత చప్పుడు బయటికి రాదు.

"ఒకరోజు తను ఆ గదిలో ఉంది. ఆపుకోలేకపోయింది, అంతే. మైకు ఆన్‌లో ఉన్న సంగతి చూసుకోలేదు. తర్వాత నేను విన్నాను. అచ్చం నాక్కావలసినట్టే ఉంది. కాస్త వేగం పెంచి గుంపులో కలిపాను. ఉద్యోగం నిలబడింది."

"అంతగా ఆపుకోలేనిది ఏం జరిగింది?"

"ఇన్నాళ్ల సంగతి. ఎవరికి గుర్తు?"

"వాడుకుంటున్నానని ఆవిడకి చెప్పారా?"

కట్టుకున్నదానికి చెప్పేదేముంది అన్నాడాయన. టీవీలో విని తనే తెలుసుకుందట. ఆ రోజునుంచి టీవీ ముందు కూచోదట. సిగ్గు అని నవ్వేశాడు.

పరిశోధకురాలికి ఒళ్లు మండిపోయింది. ఊరంతా నవ్వింది ఆవిడ గొంతుతో. మర్యాదకైనా ఎక్కడా ఆవిడ పేరు వేయలేదు. అదే మాట మొహం మీదే అడిగింది. పిలవని పేరంటానికి వచ్చి పెత్తనం చెయ్యొద్దని ఆయన తలుపు చూపించాడు.

ఆమె తలుపు దగ్గరికి కాదు, వంటింటి దగ్గరికి నడిచింది. మెల్లగా తట్టింది.

పెద్దావిడ తడిచేతులు కొంగుకి తుడుచుకుంటూ బయటికి వచ్చింది. బక్కపలచటి మనిషి. పరిశోధకురాలి గొంతు తనకి తెలియకుండానే మెత్తబడింది. మీ నవ్వు వింటూ పెరిగానమ్మా అంది. నా పుస్తకంలో మొట్టమొదట మీ పేరే ఉంటుంది అంది.

"ఒక్కసారి నవ్వి వినిపిస్తారా? ఆ రోజు నవ్వినట్టే."

"నువ్వు లోపలికెళ్లు," అన్నాడు నవ్వుల పెట్టె.

ఆవిడ వెళ్లలేదు. కుర్చీ లాక్కుని భర్తకి ఎదురుగా కూచుంది. ఆయన కళ్లు దించుకునేదాకా ఆయన్నే చూసింది. ఆ తర్వాత అమ్మాయి వైపు తిరిగింది.

"అది నవ్వు కాదమ్మాయ్, మా అమ్మ పోయిందని కబురొచ్చిన రోజు ఈయన నన్ను పంపనంటే, ఇరుగుపొరుగుకి వినపడకూడదని ఆ గదిలోకెళ్లి ఏడ్చిన ఏడుపు."