మూడు పుస్తకాల బైండు

"నోటీసు ఇయ్యకుండ ఎట్ల కూలగొడతరు సార్?" అంటూ సుభద్రమ్మ బుల్డోజర్‌కు అడ్డంగా నిలబడింది.

ఆమె పక్కనే ఉన్న గ్రంథాలయంలో గ్రంథపాలకురాలు. ఆమె వెనకున్న రేకుల గది ఇమామ్ సాహెబ్ బైండింగు దుకాణం. పాన్‌గల్ బస్సులు ఆగే ఆ రోడ్డును వెడల్పు చేస్తున్నారు. వరసలో పన్నెండు దుకాణాలుంటే పదకొండు అప్పటికే ఖాళీ. వాళ్లంతా నోటీసులు చూపించి కొత్త మార్కెట్లో గదులు రాయించుకున్నారు. మిగిలింది ఇదొక్కటే. మూడింటిలోపు నోటీసు చూపిస్తే ఇమామ్ సాహెబ్‌కూ గది దొరుకుతుంది. మూడు దాటితే ఆ గది ఇంకెవరికో పోతుంది. ఇప్పుడు రెండున్నర.

"అందరికీ పంపినం మేడం. ఈయనకూ పంపినం. యాడ పారేసుకున్నడో అడుగుండ్రి," అన్నాడు ఇంజనీరు.

"ఈయనకు ఉర్దూ తప్ప తెలుగు సదువ రాదు సార్. ఏ కాయితమొచ్చినా నాకాడికే రావాలె. ఈ లైన్ల పదకొండు నోటీసులు సదివి చెప్పింది నేనే. నా చేతికొచ్చిన ప్రతి కాయితం మీద ముద్ర గుద్ది తారీఖు ఏస్త. ఈయనది రాలే. రాలేదంటే రాలే!"

ఆ వీధిలో సుభద్రమ్మ మాటకు తిరుగు లేదు. ఇరవై ఏళ్ల నౌకరీలో గ్రంథాలయం నుంచి ఒక్క చిత్తు కాయితం కూడా పోలేదని ఆమె గొప్పగా చెప్పుకుంటుంది. వినేవాళ్లకు విసుగొచ్చేదాకా చెప్పుకుంటుంది.

లోపల ఇమామ్ సాహెబ్ గోనెసంచులు బోర్లించి వెతుకుతున్నాడు. దారపు ఉండలు, మైదా జిగురు డబ్బా, అట్టముక్కలు. నోటీసు మాత్రం లేదు.

"నాకెవ్వరు ఇయ్యలే బేటీ. ఖుదా కసమ్," అన్నాడు చేతులు దులుపుకుంటూ.

నలభై ఏళ్లుగా అక్కడే కూర్చుని పుస్తకాలు కుట్టిన మనిషి. ఈ గది పోతే సొంతూరు వీపనగండ్లకు తిరిగిపోయి కూలికి నిలబడాలి. అరవై అయిదేళ్ల ఒంటికి కూలి ఎవరిస్తారు? సుభద్రమ్మ ఇంజనీరు వైపు తిరిగింది.

చంకలో ఉన్న లావు పుస్తకాన్ని తీసి ఇంజనీరు ముందు పెట్టింది. నిజానికి అది మూడు పుస్తకాలు. సైకిళ్ల మీద ఒకటి, కార్ల మీద ఒకటి, రాబోయే నగరాల మీద ఒకటి. పలుచటివి, చిరిగిపోతున్నాయని రెండు నెలల కింద ఇమామ్ సాహెబే మూడింటినీ కలిపి ఒకే బైండు చేశాడు. అట్ట చెక్కలా గట్టిగా ఉంది.

"ఇది సదువుండ్రి సార్. రోడ్డు పెంచినకొద్దీ కార్లు పెరుగుతయంట. పెద్ద పెద్ద నగరాలే మళ్ల సైకిలెక్కుతున్నయంట. మీరేమో ఇంకా సైకిలు మీదనే తిరిగే ఈ ఒక్క ముసలాయన్ని బజార్ల పడేస్తుండ్రు."

ఇంజనీరు పుస్తకాన్ని అందుకుని, తెరవకుండానే అటూ ఇటూ తిప్పి చూశాడు.

"లక్ష రూపాయలకే కారొస్తదని పేపర్ల రాస్తుండ్రు మేడం. రేపు ఇంటికొకటి ఉంటది. అప్పుడు మీరే రోడ్డు ఇరుకైందని మమ్మల్ని తిడతరు. నాకు పుస్తకం వద్దు. నోటీసు తెండ్రి, ఇక్కడికిక్కడే గది రాసిస్త."

"లేనిది యాడికెల్లి తేవాలె?"

"అయితే నేనేం చెయ్యలేను."

పుస్తకాన్ని దుకాణం అరుగు మీద పెట్టి గడియారం చూసుకున్నాడు. మూడయింది. బుల్డోజర్ కదిలింది.

ఇద్దరు పోలీసులు ఇమామ్ సాహెబ్‌ను బయటికి తెచ్చి, సుభద్రమ్మను పక్కకు జరిపారు. రేకులు ఒక్క దెబ్బకే కూలాయి. రెండో దెబ్బకు నల్లా పైపు పగిలి నీళ్లు చిమ్మాయి. జనం అరుస్తున్నారు. ఇమామ్ సాహెబ్ తన కత్తెర, సూదులు వదిలేసి అరుగు దగ్గరికి ఉరికాడు. తిరిగొచ్చినప్పుడు ఆయన చేతుల్లో ఉన్నది తడిసి ముద్దయిన గ్రంథాలయం పుస్తకమే.

"సర్కారు పుస్తకం బేటీ. పోతే నీ మీదికొస్తది," అన్నాడు రొప్పుతూ.

సుభద్రమ్మకు ఏడుపు ఆగలేదు. ఆయన్ని గ్రంథాలయంలోకి తీసుకొచ్చి కూర్చోబెట్టింది.

"వాళ్లను ఇడిసిపెట్టను చాచా. నోటీసే ఇయ్యలేదని కలెక్టరుకు రాస్త. కోర్టుకు పోదం. ఒక ముసలాయన బతుకు పోయినా పట్టదు. గింత బాధ్యత లేనోళ్లా?"

"నువ్వున్నవు గనుక నా తరఫున మాట్లాడినవు బేటీ. నాకెవరున్నరు?" అన్నాడు ఇమామ్ సాహెబ్. పుస్తకాన్ని బల్ల మీద పెట్టి అట్ట అంచు కిందికి గోరు పోనిచ్చాడు. "తడి మీదనే ఇప్పాలె. ఆరితే లోపలి పేజీలన్నీ అతుక్కపోతయ్. యాడనన్న చెట్టు కింద కూసోని మళ్ల చేసిస్త తియ్."

అట్ట ఊడింది. దాని లోపల అతికించిన మందపాటి కాయితాన్ని చిరగకుండా మెల్లగా లేపి బల్ల మీద పరిచాడు.

"ఇది ఖరాబ్ కాలే. మళ్ల పనికొస్తది. అట్టకు పెట్టనీకి ఎప్పుడూ పుస్తకాల కట్ట మీద పాత కాయితాలు పెట్టి ఇస్తవు గద, ఆ రోజు అన్నిటికంటె పైన ఇదే ఉండె. మందంగున్నదని దీన్నే ఏసిన."

సుభద్రమ్మ కళ్లు తుడుచుకుని వంగి చూసింది. పైన ఇమామ్ సాహెబ్ పేరు, దుకాణం నంబరు. మూలన గ్రంథాలయం గుండ్రటి ముద్ర, రెండు నెలల కిందటి తారీఖు.

ముద్ర కింద తన చేతిరాతే: "ఇమామ్ సాహెబ్‌కు చదివి చెప్పాలి."