దేవదాసు నాలుగు సెకన్లు

"అల ఆపేశాక ఆయన నాలుగు సెకన్లు బతుకుతాడమ్మా. అంతకంటే ఎక్కువ మాట ఇవ్వలేను" అంది డాక్టర్ జువేరియా.

లస్మవ్వ అద్దం అవతలికి చూసింది.

గల్ఫ్‌లో, సీబ్ పట్టణంలోని ఆ పరిశోధన కేంద్రంలో, రెండు నల్లటి పలకల మధ్య ఆమె భర్త దేవదాసు పడుకొని ఉన్నాడు. జుట్టులోంచి రాలిన మట్టి రేణువులు గాలిలోనే ఆగిపోయి ఉన్నాయి. నోరు సగం తెరిచి ఉంది. పద్నాలుగు నెలలుగా అలాగే ఉంది.

పలకల నుంచి చెవికి అందని శబ్దం ఎదురెదురుగా వస్తుంది. రెండు అలలూ కలుసుకుని, ముందుకూ వెనక్కూ పోలేక, ఉన్నచోటే నిలబడతాయి. అల నిలబడినచోట కాలమూ నిలబడుతుంది. జువేరియా వాళ్లు కనిపెట్టింది అంతవరకే. కాలాన్ని ఆపగలరు. నలిగిపోయిన ఊపిరితిత్తులను బాగుచేయలేరు.

ఆ రోజు అల్ హైల్‌లో, పైపుల కోసం తవ్విన గొయ్యి కూలింది. దేవదాసును పైకి లాగారు. కేంద్రం దగ్గరే కాబట్టి పలకలున్న బండి నిమిషాల్లో వచ్చింది. అతను కళ్లు తెరిచి, ఏదో అనబోతుండగా ఊపిరి ఆగిపోసాగింది. ఆ క్షణంలోనే అల పెట్టేశారు.

పొద్దున ఎయిర్‌పోర్టు నుంచి వస్తూ బాబు మియా కారు ఆపి ఆ చోటు చూపించాడు. ఆయనది కడప. కంపెనీ డ్రైవరు. దేవదాసు రూమ్‌లోనే ఉండేవాడు. గొయ్యి మర్నాడే పూడ్చేశారట. ఇప్పుడు నున్నటి తారురోడ్డు.

"అంజి సంగతేమన్న తెలిసిందా అన్నా?" అని అడిగింది లస్మవ్వ.

"లేదు చెల్లెమ్మా. ఫోను ఆ దినం నుంచే బంద్."

అంజి దేవదాసు తమ్ముడు. అదే సైట్లో పని. ప్రమాదం జరిగిన సాయంత్రం హాజరు తీస్తే లేడు. ఖల్లివల్లి అయ్యాడని, అంటే పారిపోయాడని, కంపెనీ రాసేసింది. పోలీసులు ప్రశ్నలు వేస్తారని భయపడి అలా పోయేవాళ్లు ఉంటారు కాబట్టి ఎవరూ ఆశ్చర్యపోలేదు.

లస్మవ్వ మాత్రం ఓర్చుకోలేకపోయింది. అత్త పోయాక, ఎనిమిదేళ్ల అంజికి అన్నం కలిపి పెట్టి పెంచింది తనే. "సొంత అన్న సావుబతుకుల్ల ఉంటే ముఖం తిప్పుకొని పోయిండు" అని ఇంటింటికీ చెప్పి ఏడ్చింది. ఆ కోపంతోనే అంజి పెళ్లాం సుమలత బట్టలు మూటగట్టి వాకిట్లో పెట్టి, పుట్టింటికి పంపేసింది. ఆ పిల్ల మూట ఎత్తుకొని వెళ్లిపోయింది.

"ఇంకొన్నేండ్లు ఆగితే వైద్యం వస్తదా మేడం?"

జువేరియా తల అడ్డంగా ఊపింది. "ఆశ పెట్టలేను."

"ఊర్ల నన్ను పేరంటానికి పిలవాల్నో వద్దో ఎవ్వరికి తెలుస్తలేదు. దినాలు చేసేటట్టు లేదు, ఎదురుసూసేటట్టు లేదు." లస్మవ్వ కొంగుతో ముఖం తుడుచుకుంది. "ఆయన నాకేదో చెప్పబోయిండు. అదొక్కటి ఇనాలె."

ఆమె వెంట లోపలికి వచ్చిన బాబు మియా నేల చూపులు చూశాడు. "నొప్పికి అమ్మా అనబోయింటాడు చెల్లెమ్మా. ఎవురైనా అదే అంటారు."

"అననీ. అదన్న ఇంట."

అల ఆపడానికి ఒప్పుకుంటూ ఆమె కాగితం మీద వేలిముద్ర వేసింది. జువేరియా ఆమెను లోపలికి తీసుకెళ్లి, నేలమీద పసుపు గీత దగ్గర నిలబెట్టింది. "నేను చెయ్యి ఎత్తగానే దగ్గరికి వెళ్లండి."

చెయ్యి లేచింది. పలకల అదురు ఆగింది. లస్మవ్వ పరుగున పోయి భర్త మీదికి వంగింది.

"నేను, లస్మిని. చెప్పు."

దేవదాసు రొమ్ము ఎగిసింది. కళ్లు ఆమెను దాటి, ఇంకెవరికోసమో వెతికాయి. మట్టి పట్టిన వేళ్లతో ఆమె మణికట్టును గట్టిగా పట్టుకున్నాడు.

"అంజి ఇంకా మట్టిలనే ఉన్నడు, తీయుండ్రి!" అన్నాడు.